ఫౌండ్రీ తాళంచెవి మేరీ చేతికే ఇస్తామన్నారు

పింకీ, నీకు రాయ్‌పూర్‌లో ఇండస్ట్రియల్ ఏరియా ఆఫీసులో, అదీ భూముల సెక్షన్‌లోనే ఉద్యోగం వచ్చిందని మీ అమ్మ చెప్పింది. నువ్వు చెప్పలేదు. మీ నాయనమ్మకి మాత్రం ఆర్డరు చేతికి రాగానే వీడియో కాల్ చేశావట. ఆవిడ నీకూ మీ తమ్ముడికీ చక్కగా తెలుగులో నాయనమ్మ. అమ్మమ్మనైన నేను మాత్రం హిందీలో నానీని. సరే, అలాగే కానీయండి.

నాలుగు రోజుల తర్వాత మన ముగ్గురి గ్రూపులో నాకూ ఒక వాయిస్ మెసేజ్ పెట్టావు. "నానీ, సింపుల్ హై నా? కంపెనీ డూబ్ గయీ, జమీన్ సర్కార్ కీ, వాపస్ లే లో." కంపెనీ మునిగింది, భూమి సర్కారుది, వెనక్కి తీసేసుకోవడమే కదా అని. పుణెలో లా చదువుతున్న మీ తమ్ముడు దానికింద బొటనవేలు బొమ్మ పెట్టాడు.

అందుకే ఇద్దరికీ కలిపి రాస్తున్నాను. నేను ఇక్కడి ఆదిత్యపూర్ ఇండస్ట్రియల్ ఏరియా ఆఫీసులో ఈ పనే చేసి రిటైరయ్యాను. ప్రమోషన్ల గురించి రాయను. అవి నిద్రపోయినా వస్తాయి. ఒక్క ఫౌండ్రీ గురించి రాస్తాను. అది చెబితే మేరీ గురించి చెప్పక తప్పదు. మేరీ గురించి నేను చల్లగా మాట్లాడతానని మాత్రం అనుకోకండి.

మేరీ

మా సెక్షన్‌లో తెలుగువాళ్ళం ఇద్దరమే, నేనూ మేరీ రత్నం. నాది శ్రీకాకుళం వైపు, ఆవిడది కాకినాడ. ఇద్దరం దాదాపు ఒకేసారి చేరాం. ఫైలు నేను బాగా చదివేదాన్ని. మనుషులు ఆవిడ దగ్గరికి వెళ్ళేవారు.

నా గొంతు మీకు తెలుసు కదా, ఫోన్‌లో కూడా "నానీ, జోర్ సే బోలో", గట్టిగా మాట్లాడు అంటారు. మేరీ చర్చిలో పాట పాడే మనిషి. వరండా ఈ చివర "రండి బాబూ" అంటే ఆ చివర బెంచీ మీద వాళ్ళు లేచి వచ్చేవారు. ఆవిడకి నాలుగు నూలు చీరలే ఉండేవి. అవే కట్టుకుని వచ్చినా బిష్టుపూర్ బజారులో అప్పుడే కొన్నట్టు ఉండేవి. నేను పండక్కి కొత్తది కట్టుకున్నా "ఏమ్మా, ఒంట్లో బాగాలేదా?" అని అడిగేవారు. ఇవన్నీ చిన్న విషయాలే. ఏళ్ళ తరబడి పక్క టేబుల్ దగ్గర కూర్చుని చూస్తే చిన్నవిగా ఉండవు.

గేటుకి తాళం

ముందు పని తెలుసుకోండి. ఇండస్ట్రియల్ ఏరియాలో భూమి ఎవరికీ అమ్మరు, లీజుకిస్తారు. ఫ్యాక్టరీ నడపాలి. ఏళ్ళ తరబడి మూసి పెడితే లీజు రద్దు చేసి వెనక్కి తీసుకోవచ్చు. ఇనుము కరిగించి పోతపోసే మన ఫౌండ్రీ అలాగే మూతబడింది. కొలిమి ఆరిపోయింది, యజమానులు కనిపించడం మానేశారు. పక్కనేమో చిన్న చిన్న లేత్ మిషన్లవాళ్ళు అద్దె షెడ్లలో ఇరుక్కుని, ప్లాటు ఎప్పుడిస్తారని మా చుట్టూ తిరుగుతున్నారు. ఆ ఫౌండ్రీ భూమిని ముక్కలు చేస్తే వాళ్ళందరికీ సరిపోతుంది. ఆ విభజన ప్లాను గీయించింది నేనే. ఆ భూమి నా చేతి మీదుగా వెనక్కి రావాలని నాకు గట్టి కోరిక. నా ఉద్యోగం మొత్తానికి చూపించుకోవడానికి అదొక్కటే ఉండేది.

లీజు రద్దయింది. మా పద్ధతి ప్రకారం వెళ్ళాం. ఢోలు వాయించారు, గేటుకి నోటీసు అంటించారు, ఇద్దరు సాక్షుల ముందు పంచనామా రాశారు. కంపెనీ తాళం తీసి ఆఫీసు తాళం వేశాం. మా బాస్ సిన్హా సాబ్ తాళాన్ని రెండుసార్లు లాగి చూసి, "లో జీ, హో గయా" అన్నారు. అయిపోయిందనే నేనూ అనుకున్నాను.

సెప్టెంబరులో

మీరు పెరిగింది ఇక్కడ కాదు కాబట్టి ఇది చెప్పాలి. ఈ ఊళ్ళో విశ్వకర్మ పూజ నాడు ఏ ఫ్యాక్టరీ గేటూ మూసి ఉండదు. మూతబడ్డ ఫ్యాక్టరీ గేటు కూడా తెరుస్తారు. మిషన్లు కడుగుతారు, బొట్లు పెడతారు, వచ్చినవాళ్ళకి ఖిచిడీ పెడతారు.

పూజ ముందు రోజు అప్పన్న వచ్చాడు. ఫౌండ్రీలో అచ్చులు తయారుచేసే మోల్డరుగా పనిచేసినవాడు, పనివాళ్ళకి పెద్ద. మా శ్రీకాకుళం వైపువాడే. అయినా నేరుగా మేరీ టేబుల్ దగ్గరికి వెళ్ళాడు.

"అప్పా, రేపు పూజ. విశ్వకర్మ లోపలుండిపోనాడు. తాలంచెవి ఓ పూట ఇప్పించు."

అప్పా అన్నాడు, విన్నారా? మా వైపు అప్ప అంటే అక్క. ఎక్కడో కాకినాడ మనిషికి ఆ పిలుపు. వాడి యాసలోనే మాట్లాడే నన్ను మాత్రం మేడమ్ అనేవాడు.

నేనే చెప్పాను. "మేరీ, ఇవ్వకు. మొన్ననే పంచనామా అయింది. గేటు మళ్ళీ తెరిస్తే స్వాధీనం తెగిపోద్ది."

"ఒక్క పూట వదినా. రేపు మధ్యాహ్నానికి మళ్ళీ మనదేగా," అంది మేరీ. నన్ను అలాగే పిలిచేది.

"మేడమ్ దేవుడి మీద కూడా పంచనామా రాసీగలరు," అన్నాడు అప్పన్న నవ్వుతూ. వరండా అంతా నవ్వింది.

మేరీ సిన్హా సాబ్‌ని అడిగింది. ఆయన "అరే, విశ్వకర్మా బాబా కా మామ్లా హై, దే దో", దేవుడి వ్యవహారం, ఇచ్చెయ్ అన్నారు. మర్నాడు ఆఫీసు ఆఫీసంతా అక్కడికే వెళ్ళింది. సిన్హా సాబ్ బొట్టు పెట్టుకుని, కొలిమి ముందు కట్టిన విశ్వకర్మ గద్దె దగ్గర హారతి ఇచ్చారు. మేరీ క్రైస్తవురాలు, ప్రసాదం తినదు. అయినా పూజ అయ్యేదాకా పనివాళ్ళ ఆడవాళ్ళతో కలిసి నిలబడి వడ్డించింది.

నేను వెళ్ళలేదు. తాళం వేసినవాళ్ళం వెళ్ళి వాళ్ళ ఆతిథ్యం తినకూడదు. ఖాళీ ఆఫీసులో ఫ్యాను చప్పుడు వింటూ కూర్చున్నాను. సాయంత్రం అప్పన్న నాకో స్టీలు డబ్బాలో ఖిచిడీ పంపాడు. చల్లారిపోయి ఉంది. మూత కూడా తియ్యకుండా తిప్పి పంపేశాను. రూలు ప్రకారం నేను చేసింది రైటు. ఇప్పటికీ అదే అంటాను.

తాళంచెవి మర్నాడు వచ్చింది. కానీ మిషన్లకి కాపలా అంటూ అప్పన్నా ఇంకో ఇద్దరూ లోపలే ఉండిపోయారు. పొయ్యి పెట్టుకున్నారు. గేటుకి బయట మా తాళం, లోపల వాళ్ళ వంట. పంపించేద్దాం అని నేనంటే, "చూద్దాంలే" అన్నారు సిన్హా సాబ్. పింకీ, నీ బాస్ "చూద్దాంలే" అంటే తేదీ వేయించుకో.

లిక్విడేటరు

కంపెనీకి అప్పిచ్చిన బ్యాంకు దివాలా కేసు వేసింది. కంపెనీని నిలబెట్టడానికి ఎవరూ ముందుకు రాలేదు. చివరికి ఉన్నదంతా అమ్మి పంచడానికి లిక్విడేటరుని వేశారు. అతను కలకత్తా నుంచి వచ్చిన సన్నటి మనిషి. అందరినీ మెత్తగా పలకరించేవాడు, ఏదీ మరిచిపోయేవాడు కాదు.

ఇక్కడ చట్టం ఏమంటుందో మీ తమ్ముడు నీకు వివరంగా చెబుతాడు. నేను నాకు తెలిసినట్టు చెబుతాను. కేసు మొదలయ్యాక, కంపెనీ చేతిలో ఉన్న స్థలాన్ని సొంతదారు వచ్చి లాక్కోకూడదు, ఆ సొంతదారు ప్రభుత్వమైనా సరే. అంటే కేసు మొదలైన రోజున స్థలం ఎవరి చేతిలో ఉంది అన్నదే ప్రశ్న. మా చేతిలో ఉంది, ఇదిగో పంచనామా అన్నాం మేము.

లిక్విడేటరు స్థలం చూడ్డానికి వచ్చాడు. అప్పన్న గర్వంగా లోపలంతా తిప్పి చూపించాడు.

"మేం ఒక్క రోజు కూడా వదల్నేదు సార్. పెద్దసాబ్ వచ్చి హారతిచ్చినారు. అదిగో ఫోటో."

గోడ మీద ఫ్రేము కట్టించి పెట్టారు. కొలిమి ముందు సిన్హా సాబ్, చేతిలో హారతి పళ్ళెం. వెనకాల మేరీ, చేతిలో గరిటె. పైన కంపెనీ పేరున్న బోర్డుకి పూలదండ. అప్పన్న పాపం మాకు మంచి చేస్తున్నాననే అనుకున్నాడు.

దివాలా కేసులు చూసే ట్రిబ్యునల్‌లో మా వాదన నిలబడలేదు. గేటు తెరిచి, కంపెనీ పనివాళ్ళని లోపల ఉండనిచ్చి, వాళ్ళ పూజకి మీరే వెళ్ళి, స్థలం మా స్వాధీనంలో ఉందంటే ఎలా అన్నారు. లిక్విడేషన్ తేలేదాకా గేటు జోలికి పోవద్దన్నారు. లిక్విడేటరు మా తాళం తీయించి, కొత్త తాళంచెవి కాపలా ఉన్న అప్పన్నకే ఇచ్చాడు.

ఆఫీసులో విచారణ జరిగింది. సిన్హా సాబ్‌కి తాను ఆ పూట వెళ్ళిన సంగతే గుర్తు లేకపోయింది. మేరీ మాత్రం "నేనే ఇచ్చానండి. ఆ రోజు ఇవ్వకపోతే ఈ ఊళ్ళో మొహం ఎలా చూపించను?" అంది. నన్ను పిలిస్తే జరిగింది జరిగినట్టు చెప్పాను. మేరీని నీటి సరఫరా సెక్షన్‌కి మార్చేశారు. నాకు కొంచెం తృప్తిగానే అనిపించింది.

ఆ తృప్తి సాయంత్రం దాకా కూడా నిలవలేదు. అప్పన్న మనుషులు పాతికమంది ఆఫీసు గేటు దగ్గర బంతిపూల దండతో నిలబడ్డారు. శిక్ష పడిన మనిషికి దండ! "మా కోసం మాట పడింది మా అప్ప," అని ఒకావిడ ఏడుస్తోంది. నేను పక్కనుంచి ఆటో ఎక్కాను. నన్ను ఎవరూ చూడలేదు కూడా.

జేసీబీ సాబ్

సిన్హా సాబ్ వెళ్ళాక ఒక కుర్ర ఆఫీసరు వచ్చాడు. చాలా తెలివైనవాడు. తెలివి ఎక్కువై ఆగలేడు. "వెనక గోడ పడగొట్టి అటువైపు సగం తీసుకుందాం, గేటు ముట్టుకోవద్దన్నారు గానీ గోడ ముట్టుకోవద్దనలేదు కదా," అన్నాడు. వద్దు సార్ అన్నాను. నా గొంతు ఆయనకి వినపడలేదో, వినదలచుకోలేదో. జేసీబీ పంపించాడు. రెండు మూరల గోడ పడింది. మర్నాటికి లిక్విడేటరు స్టే తెచ్చాడు, ఆఫీసుకి మొట్టికాయలు పడ్డాయి. కుర్ర ఆఫీసరు బదిలీ మీద వెళ్ళిపోయాడు. ఆ గోడ మా ఖర్చుతో మళ్ళీ కట్టించాం.

పిల్లలూ, మునిగిన కంపెనీ భూమి దగ్గర తొందరపడేవాళ్ళకి అందరికీ ఇదే జరుగుతుంది. నువ్వు ఒక అడుగు తప్పు వేస్తే అవతలివాడు దాని మీద రెండేళ్ళు కూర్చుంటాడు.

ఆర్డరు వచ్చింది, తాళం రాలేదు

లిక్విడేటరు మిషన్లు అమ్మేశాడు. లీజు హక్కు కొనడానికి ఎవరూ రాలేదు. సర్కారుతో తగాదా ఉన్న భూమి ఎవరికి కావాలి? అప్పుడు నేను ఒక్కటే పని చేశాను, విసుగు లేకుండా. ప్రతి వాయిదాకీ వెళ్ళాను, మా లాయరు పక్కన కూర్చుని, భూమి ప్రభుత్వానిది, లీజు రద్దు ఎవరూ కొట్టెయ్యలేదు అని ఆయన చెవిలో చెబుతూ వచ్చాను. చిన్న గొంతు అక్కడొక్కచోటే పనికొచ్చింది. చివరికి లిక్విడేటరే, ఈ భూమి వల్ల ఎవరికీ రూపాయి రాదు, తిరిగి ఇచ్చేస్తాను అన్నాడు. ట్రిబ్యునల్ ఒప్పుకుంది. అప్పటికి సెక్షన్‌కి నేనే ఇన్‌చార్జిని, రిటైర్మెంటు దగ్గర పడింది.

ఈసారి ఢోలు లేకుండా వెళ్ళాను. ఆర్డరు చేతిలో ఉంది. గేటుకి లోపలినుంచి గొలుసు వేసి ఉంది. అప్పన్న జుట్టు తెల్లబడింది. వెనకాల ఆడవాళ్ళు, మగవాళ్ళు కలిసి నలభైమంది ఉంటారు.

"కాయితం మంచిదే మేడమ్. కాదనడం నేదు. గానీ తాలంచెవి మీకివ్వం. మా మేరీ అప్ప సేతిలో ఎడతాం."

"ఆవిడిప్పుడు ఆఫీసులోనే లేదు అప్పన్నా, రిటైరైంది. ఇది నా పని."

"మీ పనేనండి. మీరు ఓసారైనా మా పూజకొచ్చినారా? ఖిచిడీ పంపితే మూతైనా తియ్యకుండా తిప్పీసినారు. మీరు గేటు తీసుకుంటే, ఆ విశ్వకర్మ గద్దెని ఎత్తి కర్కాయ్ ఏట్లో పడీరని మాకేటి నమ్మకం?"

నా పక్కనున్న దరోగా, అంటే ఎస్సై, మెల్లగా "మేడమ్, ఫోర్స్ బులాయేఁ?" అన్నాడు. పోలీసులని పిలిస్తే గంటలో గేటు తెరుచుకుంటుంది. ఎవరిదో తల పగులుతుంది. అందులో సగంమంది మా ఊళ్ళవాళ్ళే. పైగా కంపెనీకి అప్పిచ్చిన కలకత్తా పార్టీ ఒకటి ఆర్డరు మీద అప్పీలుకి వెళ్ళాలని చూస్తోందని లాయరు చెప్పాడు. గొడవ జరిగితే వాళ్ళకి పండగే. భూమి మళ్ళీ కోర్టుకి పోతుంది, నేను ఇంటికి పోతాను.

వద్దన్నాను. ఆటో ఎక్కి పర్సుడీహ్‌లో మేరీ ఇంటికి పోనిమ్మన్నాను. దారి పొడుగునా, ముప్పై ఏళ్ళు నేను చదివిన ఫైళ్ళన్నీ కలిపినా ఒక గరిటెకి సరిపోలేదా అని అనుకుంటూనే వెళ్ళాను.

పర్సుడీహ్‌లో

మేరీ అప్పటికే రిటైరై ఇంట్లో ఉంది. బజారు వెనక చిన్న ఇల్లు. వరండాలో చేపలు కడుగుతోంది. నన్ను చూసి చేతులు తుడుచుకుంది.

"ఏంటి వదినా, ఇంత ఎండలో? ముందు కూర్చో. మంచినీళ్ళు తాగు."

"కూర్చోడానికి రాలేదు మేరీ. ఓ పని పడింది నీతోటి."

చెప్పాను. నవ్వుతుందేమో అని చూశాను. నవ్వితే తిట్టి వెనక్కి వచ్చేద్దామనుకున్నాను. నవ్వలేదు.

"గద్దె ఉంచుతావా?" అంది.

"ప్లాన్‌లో దాని మీదుగా రోడ్డు పోతుంది."

"అది కాదు వదినా నేనడిగింది."

బ్యాగులోంచి ప్లాను తీసి వరండా గట్టు మీద పరిచాను. చేపల నీళ్ళు పడకుండా ఒక పక్క ఆవిడ పట్టుకుంది. రోడ్డుని ఒక మూలకి తిప్పితే ఒక ప్లాటు కొంచెం చిన్నదవుతుంది, గద్దె మిగులుతుంది. అది నాకు ముందే కనబడి ఉండాల్సింది. ఆవిడ కనబడేట్టు చేసింది, అదీ ప్లాను చదవడం రాకుండానే. పెన్సిలుతో గీశాను.

"చీర మార్చుకొస్తానుండు," అంది.

"మార్చుకోకపోతే ఏమైంది?"

"చేపల వాసనతో దేవుడి దగ్గరికి ఎలా వస్తాను వదినా?"

గేటు దగ్గర

ఆటో దిగగానే లోపలున్నవాళ్ళు గొలుసు తీసేశారు. ఏ కాగితం చూపించకుండానే! అప్పన్న వచ్చి, "అప్పా, సిక్కిపోనావేటి?" అన్నాడు. పిల్లలు, మనవలు, షుగరు, మోకాళ్ళు, అన్నీ మాట్లాడుకున్నారు. నేను ఆర్డరు పట్టుకుని ఎండలో నిలబడ్డాను.

మేరీ గద్దె సంగతి చెప్పింది. "ఎవురన్నారు?" అన్నాడు అప్పన్న.

"వదిన గీసింది. అదిగో, ప్లాన్‌లో ఉంది. సంతకం కూడా ఆవిడదే."

అప్పన్న వంగి ప్లాన్‌లో ఆ పెన్సిలు గీత మీద వేలు పెట్టి చూశాడు. తర్వాత తాళంచెవి తీసి మేరీ అరచేతిలో పెట్టాడు. మేరీ ఒక్క క్షణం కూడా ఉంచుకోలేదు. అందరూ చూస్తుండగా నా చెయ్యి లాగి, అందులో పెట్టి, వేళ్ళు మూసింది. చప్పట్లు కొట్టారు. ఎవరికి కొట్టారో నాకు తెలుసు. ఇచ్చెయ్యడం కూడా అంత అందంగా చేసే మనిషి పక్కన నిలబడడం ఎంత కష్టమో మీకు తెలియాలంటే మీకూ ఒక మేరీ తగలాలి.

ఆ సాయంత్రం పంచనామా మీద సంతకం నాది. భూమి వెనక్కి వచ్చింది. ఒక్కరికీ దెబ్బ తగల్లేదు.

ఇంతకీ పింకీకి చెప్పేది

తాళం వేసినంతమాత్రాన భూమి నీ చేతికి రాదు. లోపల ఎవరి పొయ్యి వెలుగుతోందో ముందు చూడు. ఆర్డరు వచ్చేదాకా గేటు ముట్టుకోకు. ఆర్డరు వచ్చాక, గేటు లోపలివాళ్ళు ఎవరి మాట వింటారో కనుక్కో. ఆ మనిషి నువ్వు కాకపోవచ్చు. అప్పుడు ఆటో ఎక్కి వెళ్ళు.

మేరీ ఆ రోజు తాళంచెవి ఇవ్వడం తప్పే. మాకు అన్నేళ్ళు పోయాయి. ఆ ఇచ్చినందుకే చివర్లో ఎవరి తలా పగలకుండా గేటు తెరుచుకుంది. రెండూ నిజమే. మొదటిది నేను సులువుగా చెబుతాను. రెండోది రాయడానికి ఈ వయసులో కూడా పెన్ను రెండుసార్లు కింద పెట్టాను.

ఇప్పుడు ఆ స్థలంలో లేత్‌ల చప్పుడు వినబడుతుంది. అందరూ దాన్ని 'మేరీ దీదీ వాలా ప్లాట్' అంటారు. ప్లాను గీసింది నేను. రోడ్డు తిప్పింది నేను. ఆటోవాణ్ణి అడగండి, అలాగే అంటాడు.

ఏటా పూజ నాడు అక్కడినుంచి స్టీలు డబ్బాలో ఖిచిడీ వస్తుంది, అప్పన్న కొడుకు తెస్తాడు. నా ఇంటికి కాదు, పర్సుడీహ్‌కి, మేరీకి. మేరీ ప్రసాదం తినదు కదా. వాడికి ఆ సంగతి చెబితే నొచ్చుకుంటాడని, పుచ్చుకుని, ఆటోలో వేసుకుని నా దగ్గరికి తెస్తుంది. అప్పటికి చల్లారిపోతుంది. మూత తీసి, ఆవిడ ఎదురుగానే కూర్చుని, మొత్తం తినేస్తాను. వేడిగా ఉంటే ఎలా ఉంటుందో నాకు ఇప్పటికీ తెలియదు.